భ్రమరమూ, కీటకమూ, మధ్యలో సాలెపురుగూ

మన వేదాంత గ్రంథాలలోనూ, పురాణ ప్రవచనాలలోనూ తరచుగా వినవచ్చే లౌకిక న్యాయాలలో భ్రమరకీటక న్యాయం ఒకటి. కాకతాళీయ న్యాయం, అంధగజ న్యాయం, స్థాలీపులాక న్యాయం వంటివాటితోబాటు ఇదీ మన వాడుకలో స్థిరపడిపోయింది. సంగతేమిటంటే, భ్రమరం ఒక పురుగును పట్టి తెచ్చి, గోడమీది మట్టిగూటిలో పెట్టి, దాని చుట్టూ తిరుగుతూ ఝుంకారం చేస్తుందట. బందీ అయిన ఆ పురుగు భయంతో భ్రమరాన్నే తలచుకొని తలచుకొని, చివరకు తానే భ్రమరమై రెక్కలతో బయటికి వస్తుందట. జీవుడు బ్రహ్మమును ఎడతెగక ధ్యానిస్తే బ్రహ్మమే అవుతాడనడానికి ఇది దృష్టాంతం. శంకరభగవత్పాదుల పేరిట ప్రచారంలో ఉన్న వివేకచూడామణిలో ఈ పోలిక ఉంది. భాగవతం సప్తమస్కంధంలో నారదుడు ధర్మరాజుకు, శిశుపాలుడు ద్వేషంతోనే కృష్ణుణ్ణి తలచి తలచి ఆయనలో కలిసిపోయిన వైనం చెప్పేటప్పుడు కూడా ఈ గోడగూటి పురుగునే ఉదాహరిస్తాడు.

మా నాన్నగారు ఉన్నత పాఠశాలలో తెలుగు పండితులు. ఈ న్యాయాన్ని ఆయన నోట ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. విన్నప్పుడల్లా నాకొక సందేహం వచ్చేది. భ్రమరమంటే తుమ్మెద అని కదా మన నిఘంటువులు చెప్పేది! మా పెరటి పాకలో వెదురు వాసాలకు గుండ్రటి బెజ్జాలు వేసుకొని కాపురముండే నల్లతుమ్మెదను నేను రోజూ చూసేవాణ్ణి. అది పువ్వులమీద వాలి తేనే పుప్పొడీ తెచ్చుకొనేదే గాని పురుగును ముట్టిన పాపాన పోలేదు. ఆ మాటే అడిగితే నాన్నగారు నవ్వి, "ముఖం చంద్రబింబంలా ఉందంటే అందులో కుందేలు ఎక్కడుందని అడుగుతావుట్రా? పోలిక ఎంతవరకో అంతవరకే చూడాలి" అనేవారు. నాకు మాత్రం ఆ కుందేలు సంగతి తేల్చుకోవాలనే ఉండేది.

తేలినదేమంటే, ఆ పురుగు తుమ్మెద కాదు, కందిరీగ. కందిరీగలనగానే మనకు చూరుకింద వేలాడే తుట్టె, దాని చుట్టూ గుంపు గుర్తుకొస్తాయి. కాని కందిరీగలలో చాలా జాతులు ఒంటరివి. రాణి లేదు, పనివాళ్ళు లేరు, తుట్టె లేదు. ఒక్కొక్క ఆడ కందిరీగ తన గూడు తానే కట్టుకొని, తన వేట తానే ఆడుకొని, తన సంతానానికి తానే తిండి సమకూర్చి పోతుంది. వీటిలో కొన్ని గొంగళిపురుగులను పడతాయి, కొన్ని మిడతలను, కొన్ని పెంకుపురుగులను. సాలెపురుగును తప్ప మరోదాన్ని ముట్టని కుటుంబం ఒకటుంది. దానికి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు పాంపిలిడే. ప్రపంచం మొత్తంమీద వీటిలో దాదాపు 5,000 జాతులను గుర్తించారు. మనదేశంలోనూ బోలెడున్నాయి.

మన పూర్వులు చూసినది తప్పేమీ కాదు. కందిరీగ పురుగును పట్టి తేవడం నిజం. గోడకు మట్టిగూడు కట్టడం నిజం. కడుతున్నంతసేపూ జుమ్మని నాదం చేయడం కూడా నిజమే. తెచ్చిన తడిమట్టిని మెత్తగా పరిచేందుకు ఒళ్ళంతా అదిలించుకుంటుంది, ఆ అదురుకే ఆ ఝుంకారం. గూడు మూసివేయడం నిజం. కొన్నాళ్ళకు అదే గూటికి కన్నంపెట్టుకొని, అచ్చం తల్లిలాంటి కందిరీగే బయటికి రావడం నిజం. లోపలికి పోయినది పురుగు, బయటికి వచ్చినది కందిరీగ. కాబట్టి పురుగే కందిరీగ అయిందని తీర్మానించారు. చూసినవన్నీ సత్యాలే. చూడకుండా వదిలినది ఒక్కటే, మూసిన గది లోపల మధ్యరోజుల్లో ఏం జరిగిందన్నది.

ఈ పొరపాటు మనవాళ్ళకే ప్రత్యేకం కాదు. చైనాలోనూ అచ్చం ఇదే కథ ఉంది. వాళ్ళ ప్రాచీన గీతసంకలనం షిజింగ్‌లో, పచ్చపురుగు పిల్లలను కందిరీగ ఎత్తుకుపోతుందన్న మాట వస్తుంది. దాన్నిబట్టి కందిరీగకు సంతానం లేదనీ, పురుగులను తెచ్చి దత్తత చేసుకొని, "నాలా అవు, నాలా అవు" అని వాటిముందు జపిస్తుందనీ వ్యాఖ్యానించుకున్నారు. దత్తపుత్రుడికి చైనాభాషలో ఆ పచ్చపురుగు పేరే నిలిచిపోయింది. అయితే క్రీ.శ. 5-6 శతాబ్దాలలో జీవించిన తావో హోంగ్‌జింగ్ అనే వైద్యపండితుడు ఆ గూళ్ళను పరిశీలించాడు. లోపల కందిరీగ పెట్టిన గుడ్డు ఉందనీ, పురుగు దాని పిల్లకు ఆహారమనీ రాసిపెట్టాడు. ఇంతకీ అక్కడ కూడా ఆయన చెప్పిన తరవాత కథ ఆగిపోలేదు. కథలకు గూడు తెరిచి చూసినవాళ్ళతో పెద్దగా నిమిత్తం ఉండదేమో!

ఇక ఆ లోపలి సంగతికి వద్దాం. సాలెపురుగుల వేటగత్తెను గుర్తుపట్టడం కష్టం కాదు. సన్నని నడుము, పొడుగాటి వెనక కాళ్ళు, నేలమీద కుదురులేని నడక. కాస్త నడుస్తుంది, రెక్కలు టపటపమని ఆడిస్తుంది, కాస్త ఎగురుతుంది, మళ్ళీ దిగుతుంది. కొసలు చుట్టుకున్న మీసాలతో నేలను తడుముతూనే ఉంటుంది. రాళ్ళసందులూ, ఎండుటాకుల అడుగులూ, గోడబీటలూ గాలిస్తుంది. సాలెపురుగు కనబడితే దాన్ని కలుగులోనుంచో గూటిలోనుంచో బయటికి రప్పిస్తుంది. సాలెపురుగు కూడా వేటజంతువే. విషపుకోరలున్నది. ముందుకాళ్ళు పైకెత్తి కోరలు చూపిస్తుంది. అయినా ఎదురుతిరిగి గెలిచిన సందర్భాలు తక్కువ. కందిరీగ ఒడుపుగా దాని కడుపుకిందికి దూరి, కాళ్ళు మొలిచిన చోట మెత్తని సందు చూసి కొండి దించుతుంది. క్షణాలలో ఎనిమిది కాళ్ళూ చచ్చుబడిపోతాయి.

ఈ విద్యను లోకానికి కళ్ళకు కట్టినట్లు చెప్పినవాడు ఫ్రెంచి దేశస్థుడు జాఁ ఆఁరీ ఫాబ్ర్ (1823-1915). బీదబడిపంతులుగా జీవితం మొదలుపెట్టి, సెరిన్యాఁ అనే పల్లెలో ఒక బీడును కొనుక్కొని, ఎండలో బోర్లా పడుకొని పురుగులను చూస్తూ బతికిన మనిషి. 1879 నుంచి 1907 దాకా పది సంపుటాలుగా కీటకాల ముచ్చట్లు రాశాడు. ఆయనకు ముందు లేయోఁ ద్యుఫూర్ అనే పండితుడు, కందిరీగ గూళ్ళలో దాచిన పురుగులు కుళ్ళకపోవడం చూసి, కందిరీగ విషం శవాన్ని నిలవచేసే మందు కాబోలనుకున్నాడు. ఫాబ్ర్ అది తప్పని తేల్చాడు. కుళ్ళకపోవడానికి కారణం మందు కాదు, అది శవమే కాదు. ప్రాణం ఉంది, కదలిక లేదు. కందిరీగ కొండి తగిలేది శరీరంలో కదలికను నడిపే నాడుల ముడికి. గాలిలో వల నేసే సాలెపురుగును పట్టే ఒక జాతి, మొదటి పోటు నోటిదగ్గర పొడిచి కోరలను చచ్చుపడేసి, ఆ తరవాతనే నింపాదిగా రెండోపోటు కాళ్ళ నాడులమీద పొడుస్తుందని కూడా ఆయన రాశాడు. ఆయుధం తీసేసుకున్న తరవాతనే సంకెళ్ళన్నమాట.

ఆ విషంలో ఏముందో ఈ కాలపువాళ్ళు విడదీసి చూశారు. జపాను శాస్త్రజ్ఞులు రెండు జాతుల సాలెవేట కందిరీగలనుంచి పాంపిలిడోటాక్సిన్లనే పదార్థాలను వేరుచేశారు. పదమూడే పదమూడు అమైనో ఆమ్లాల చిన్న గొలుసు అది. నాడికణం మీద సోడియం రాకపోకలకు వాకిళ్ళుంటాయి, కబురు పంపినప్పుడు తెరుచుకొని వెంటనే మూసుకోవాలి. ఈ విషం ఆ వాకిలిని చప్పున మూసుకోనివ్వదు. దాంతో కబుర్లు తారుమారవుతాయి. ఇప్పుడు నాడుల పనితీరును పరిశోధించేవాళ్ళకు ఈ విషమే ఒక పనిముట్టు.

పడిపోయిన సాలెపురుగు చాలాసార్లు కందిరీగకంటే బరువు. ఎత్తుకొని ఎగరలేదు. నోట కరిచిపట్టి వెనక్కి వెనక్కి నడుస్తూ ఈడ్చుకుపోతుంది. నడుమనడుమ దాన్ని ఏ మొక్క పంగలోనో ఉంచి, ముందుకు పోయి దారి చూసుకొని వస్తుంది. ఈ సందులో చీమలు వచ్చి ఎత్తుకుపోవడమూ కద్దు. కొన్ని జాతులు మోతకు అడ్డమని సాలెపురుగు కాళ్ళను మొదలంటా కొరికి పారేస్తాయి. చివరికి నేలలో తవ్విన బొరియలోనో, మట్టితో కట్టిన గదిలోనో దాన్ని చేర్చి, పొట్టమీద ఒకే ఒక గుడ్డు పెట్టి, తలుపు మూసేసి వెళ్ళిపోతుంది. ఒక సాలెపురుగు, ఒక బిడ్డ. ఇక్కడ ఇంకో విశేషం. కందిరీగలలో ఫలదీకరణ జరిగిన గుడ్డు ఆడది అవుతుంది, జరగనిది మగది అవుతుంది. తల్లికి ఆ వశం ఉంది. పెద్ద సాలెపురుగు దొరికితే ఆడగుడ్డు, చిన్నది దొరికితే మగగుడ్డు పెడుతుంది. వేటాడవలసిన ఆడబిడ్డకు ఎక్కువ తిండి!

కొద్దిరోజులలో గుడ్డు పగిలి పిల్లపురుగు వస్తుంది. సాలెపురుగు చర్మానికి చిన్న బెజ్జం చేసి రసం పీల్చడం మొదలుపెడుతుంది. గుండె మొదలైన కీలకమైన భాగాల జోలికి తొలుత పోదు. వాటిని చివరికి అట్టేపెడుతుంది. సాలెపురుగు ఎంతకాలం బతికుంటే తిండి అంతకాలం తాజాగా ఉంటుంది. అంతా అయ్యాక పట్టుగూడు అల్లుకొని, అందులో రూపు మార్చుకొని, కందిరీగై వస్తుంది. అంటే భ్రమరకీటక న్యాయంలోని కీటకం భ్రమరం కాలేదు. భ్రమరానికి భోజనమైంది.

పెరిగిన కందిరీగ మాత్రం మాంసం ముట్టదు. దాని ఆహారం పూలతేనె. సాలెపురుగుమీద అంత ఘోరం చేసేది తన కడుపు కోసం కాదు, ఎప్పటికీ తాను చూడని బిడ్డకోసం. పూలమీద తిరగడంవల్ల మొక్కలకు మేలుకూడా జరుగుతుంది. దక్షిణాఫ్రికా గడ్డిభూములలో కొన్ని జిల్లేడుజాతి మొక్కలకూ, కొన్ని ఆర్కిడ్లకూ పరాగసంపర్కం చేసేవి పూర్తిగా ఈ సాలెవేట కందిరీగలేనని అక్కడి పరిశోధకులు చూపించారు.

కొండి గురించి నాలుగు మాటలు. మగ కందిరీగకు కొండి ఉండదు. అది నిజానికి గుడ్లుపెట్టే గొట్టమే రూపుమారి ఆయుధమైనది. అమెరికా ఖండాలలో పెప్సిస్ అనే జాతివర్గం ఉంది. టరాంటులా అనబడే బొచ్చు సాలెపురుగులను వేటాడే రాక్షసి అది. నల్లని నీలపు ఒళ్ళు, నారింజరంగు రెక్కలు. న్యూమెక్సికో రాష్ట్రం 1989లో దీన్ని తన రాష్ట్రకీటకంగా ప్రకటించుకుంది. కుట్టే కీటకాల నొప్పిని తన ఒంటిమీదనే కొలిచి పట్టిక వేసిన జస్టిన్ స్మిట్ అనే అమెరికన్ శాస్త్రజ్ఞుడు (2023లో గతించాడు) తేనెటీగకు 2 మార్కులు, దీనికి అత్యధికమైన 4 మార్కులు ఇచ్చాడు. కుట్టించుకున్నవాడు పరుగెత్తి పడి దెబ్బలు తగిలించుకోకుండా, ఉన్నచోటనే పడుకొని అరవడం మేలని ఆయన సలహా. సుమారు అయిదు నిమిషాలలో నొప్పి తగ్గిపోతుంది. విశేషమేమిటంటే అంత నొప్పి పెట్టినా ఆ విషం మనిషికి పెద్ద హాని చేయదు. దానితో పని చంపడం కాదు గనుక. పైగా కాపాడుకోవలసిన తుట్టె లేదు గనుక ఒంటరి కందిరీగలు మనిషిమీద పడి కుట్టవు. చేత్తో నలిపితే తప్ప మన జోలికి రావు.

బొచ్చు సాలెపురుగులంటే పరదేశాలవే అనుకోనక్కరలేదు. మన అనంతపురం జిల్లా గుత్తి పేరు ప్రపంచంలోని సాలెపురుగుల ప్రియులందరికీ తెలుసు. 1899లో పోకాక్ అనే ఆంగ్ల శాస్త్రజ్ఞుడు గుత్తిలో దొరికిన నీలిరంగు పెద్ద సాలెపురుగుకు పెసిలోథీరియా మెటాలికా అని పేరుపెట్టాడు. తరవాత వందేళ్ళపాటు అది ఎవరి కంటా పడలేదు. 2001లో నంద్యాల, గిద్దలూరుల మధ్య అడవిలో, చెట్టుతొర్రలలో మళ్ళీ కనబడింది. నెమలికంఠం వంటి ఆ నీలిరంగు సాలెపురుగు ఇప్పుడు అంతరించే ప్రమాదపు అంచున ఉన్న జీవుల పట్టికలో ఉంది. దానికి పెద్ద శత్రువు కందిరీగ కాదు, చెట్టు నరికే గొడ్డలి.

వేటగత్తెకూ దొంగలు తప్పరు. సిరోపాలిస్ అనే జాతివర్గం తాను వేటాడదు. వేరొక కందిరీగ సాలెపురుగును ఈడ్చుకుపోతుంటే కాచుకొని ఉండి, ఆదమరిచినప్పుడు సాలెపురుగు ఊపిరితిత్తి సందులో తన గుడ్డు దూర్చి పోతుంది. పాపం ఆ తల్లి దాన్ని కూడా జాగ్రత్తగా గూటికి చేరుస్తుంది. దొంగపిల్ల ముందు పుట్టి అసలు గుడ్డును తినేసి, ఆపైన సాలెపురుగును తింటుంది. ఇలాంటి శత్రువుల భయానికే కాబోలు, చైనాలో 2014లో వెల్లడైన ఒక జాతి, గూటి చివరి గదిని చచ్చిన చీమలతో నింపి మూస్తుంది. ఆ చీమల వాసన లోపలి బిడ్డకు కాపలా. అస్థికలగది అన్న అర్థం వచ్చేలా దానికి పేరు పెట్టారు.

మన ఇళ్ళలో కిటికీమూలనో, పటం వెనకో, పుస్తకాల అరలోనో మట్టిగూడు కట్టే పసుపూ నలుపూ చారల కందిరీగ ఈ పాంపిలిడే కుటుంబానిది కాదు, దాయాదుల కుటుంబానిది. దానికి 18వ శతాబ్దంలో డేనిష్ శాస్త్రజ్ఞుడు ఫాబ్రిసియస్ మన మదరాసుపట్నం పేరే పెట్టాడు. ఇది కూడా సాలెపురుగులనే పడుతుంది. అయితే పెద్దది ఒకటి కాకుండా చిన్నచిన్నవి ఎన్నో తెచ్చి ఒక్కొక్క గదిలో కుక్కుతుంది.  మా నాయనమ్మ మాత్రం ఇంట్లో మట్టిగూడు కడితే త్వరలో పురుడు వస్తుందని మురిసిపోయేది. దీని అమెరికా చుట్టానికి మాత్రం విమానాన్ని కూల్చిన అపఖ్యాతి ఉంది. 1996 ఫిబ్రవరి 6న డొమినికన్ రిపబ్లిక్ నుంచి బయలుదేరిన బర్గనేర్ బోయింగ్ 757 సముద్రంలో కూలి 189 మంది మరణించారు. దాదాపు మూడు వారాలు కదలకుండా నిలిపిన ఆ విమానంలో వేగం కొలిచే గొట్టం పూడుకుపోవడం ప్రమాదానికి దారితీసింది, పూడ్చినది మట్టిగూటి కందిరీగే అయివుంటుందని పరిశోధకులు అనుమానించారు.

2014లో నాన్నగారికి పక్షవాతం వచ్చింది. కుడిపక్క పూర్తిగా చచ్చుబడింది. మాట పోయింది. "ఆయనకు అన్నీ వినబడతాయి, అన్నీ అర్థమవుతాయి, చెప్పలేరు, అంతే" అన్నారు డాక్టరుగారు. ముప్పయ్యేళ్ళకు పైగా మాటతోనే బతికిన మనిషి ఆయన. పదునాలుగు నెలలు ఆ మంచంమీదనే ఉన్నారు. ఆ వర్షాకాలంలో ఆయన మంచానికి ఎదురుగా ఉన్న కిటికీ చట్రానికి ఒక కందిరీగ గూడు మొదలుపెట్టింది. ఆయనను చూసుకునేందుకు వచ్చే మనిషి చీపురుతో కొట్టబోతే ఎడమచెయ్యి ఎత్తి వద్దన్నారు. పొద్దున కాఫీ పట్టించింది మొదలు, చీకటి పడేదాకా ఆయన చూపు దానిమీదే. అది మట్టి ఉండతో రావడం, జుమ్మంటూ పరచడం, మళ్ళీ పోవడం.

ఒకరోజు కిటికీ రెక్క బాగుచేస్తుంటే ఆ సుత్తి అదురుకు గూడులో కొంతభాగం ఊడి కింద పడింది. దాన్ని కాగితంమీద పెట్టి ఆయన పక్కన కూర్చొని విప్పాను. మొదటి గదిలో పదమూడు సాలెపురుగులు. పచ్చవీ, గోధుమరంగువీ, చారలవీ. కాళ్ళు ముడుచుకొని, ఒకదానిమీద ఒకటి, బస్తాలో కుక్కినట్లు. పుల్లతో కదిపితే ఒకదాని కాలి కొస వణికింది. రెండోగదిలో సగం తిన్న సాలెపురుగుల నడుమ పాలరంగు పిల్లపురుగు. నాన్నగారు చాలాసేపు చూశారు. తరవాత పలక అడిగి ఎడమచేత్తో, వంకర అక్షరాలతో "మూసెయ్" అని రాశారు.

కుండీలో మట్టి తడిపి, అన్నీ యథాస్థానంలో పెట్టి, మూసి, కిటికీ గట్టుమీద ఉంచాను. రెండురోజుల తరవాత చీమలబారు వచ్చి అంతా ఖాళీ చేసింది. చట్రానికి మిగిలి ఉన్న భాగానికి ఏమీ కాలేదు.

ఆయన ఎందుకు మూసేయమన్నారన్నదానిమీద అమ్మకూ నాకూ ఏకాభిప్రాయం కుదరలేదు. ఆ పసిపురుగు మీద జాలేసిందిరా ఆయనకు, అంటుంది అమ్మ. కదలలేక పడున్న ఆ సాలెపురుగులను ఆయన చూడలేకపోయారని నా నమ్మకం. ఆయన పోయి ఇన్నేళ్ళయినా, ఆ ప్రస్తావన వస్తే మేమిద్దరం చెరోవైపే ఉంటాము.

ఆ నెలలలో నాకు రాత్రిళ్ళు నిద్రపట్టేది కాదు. కదలిక పోయి ప్రాణం మిగిలిన జీవికి లోపల ఏముంటుందన్నదే ఆలోచన. చార్లెస్ డార్విన్ 1860లో తన మిత్రుడు ఏసా గ్రేకు రాసిన ఒక ఉత్తరంలో, బతికున్న గొంగళిపురుగులను లోపలినుంచి తినే ఇక్న్యూమన్ కందిరీగలను దయామయుడైన భగవంతుడు బుద్ధిపూర్వకంగా సృష్టించాడంటే తనకు నమ్మశక్యం కావడం లేదని వాపోయాడు. ఆ మాట చదివినప్పుడు నాకు ఎవరో మన ఇంటి మనిషి మాట్లాడినట్లే తోచింది. ఆ ప్రశ్నకు కందిరీగ జవాబుదారీ కాదు. దానికి దయా లేదు, క్రౌర్యమూ లేదు. తెలిసినదల్లా ఒక సాలెపురుగు, ఒక గది, ఒక గుడ్డు. దయ అన్న మాట పుట్టింది మన దగ్గర, కాబట్టి ఆ మాటకు బదులు చెప్పుకోవలసినది కూడా మనమే.

అమ్మ ఆ రోజులలో సాయంత్రం వేళ ఆయన పక్కన కూర్చొని భాగవతం చదివేది. పోతనగారి పద్యం వస్తే ఆయన ఎడమచేతి వేళ్ళు దుప్పటిమీద నడకను అనుసరించి కదిలేవి. గజేంద్రమోక్షమో, ప్రహ్లాద చరిత్రమో అయితే అమ్మ తప్పు చదివినచోట వేళ్ళు ఆగేవి. ఆమె వెనక్కి వెళ్ళి సరిచేసుకొనేది. జీవితమంతా ప్రేమించినదానిని, ఆ నాలుగు గోడల మధ్య ఆయన వదలకుండా తలచుకుంటూనే ఉన్నారు. భ్రమరకీటక న్యాయం సాలెపురుగు విషయంలో నిజం కాదని ఎవరైనా గూడు విప్పి చూపించవచ్చు. మనిషి విషయంలో నిజమో కాదో తేల్చగలవాణ్ణి నేను కాను. కాని పదునాలుగు నెలలపాటు ఆయనకు అది అక్కరకు వచ్చిందని మాత్రం చెప్పగలను. పోలిక ఎంతవరకో అంతవరకు.

భాగవతం ఏకాదశస్కంధంలో అవధూత యదుమహారాజుకు తన 24 మంది గురువులను గురించి చెబుతాడు. భూమి, గాలి, ఆకాశం, తేనెటీగ, పావురం, పింగళ అనే వేశ్య ఇలా సాగుతుంది ఆ వరస. నేను చాలాకాలం గమనించని విషయం, ఆ వరసలో చివరి ఇద్దరు గురువులు పక్కపక్కనే ఉంటారు. ఇరవైమూడో గురువు సాలెపురుగు. తనలోనుంచే దారం తీసి, వల అల్లి, ఆడుకొని, మళ్ళీ తనలోకే మింగుతుంది గనుక సృష్టిలయలకు గురువు. ఇరవైనాలుగో గురువు ఈ గూడుకట్టే కందిరీగ. తినేది, తినబడేది ఒకే పీఠంమీద, ఒకదాని పక్కన ఒకటి. అవధూత ఇద్దరికీ నమస్కారం పెట్టాడు. ఒకరిని మంచివాడని, ఒకరిని చెడ్డవాడని అనలేదు. శ్రీకాళహస్తిలో గుడికట్టి శివుడిలో కలిసిన సాలెపురుగును పూజించుకునే మన నేలమీద, ఈ కందిరీగకూ ఆ కాస్త గౌరవం ఇవ్వడం మనకు కష్టం కాకూడదు.

అందుచేత మీ కిటికీమూలన మట్టిగూడు కనబడితే వెంటనే పార పట్టుకోకండి. గూటికి గుండ్రటి కన్నాలు ఉన్నాయేమో ముందు చూడండి. ఉంటే, లోపలివాళ్ళు ఎగిరిపోయారన్నమాట, నిక్షేపంగా గీకేసుకోవచ్చు. కన్నాలు లేకపోతే ఇంకా లోపల కాపురం ఉందని అర్థం. కొన్నాళ్ళు ఓపికపట్టండి. అది మిమ్మల్ని కుట్టదు. మా వైపు దీనికి కందిరీగ అన్న ఉమ్మడిపేరే తప్ప ప్రత్యేకమైన పేరు నేను వినలేదు. రాయలసీమలోనో, తెలంగాణలోనో, ఉత్తరాంధ్రలోనో ఈ మట్టిగూటి పురుగుకు సొంతపేరు ఏదైనా ఉంటే దయచేసి చెప్పండి. ఇంత విద్య తెలిసిన ప్రాణిని పేరు లేకుండా పిలవడం బాగుండలేదు.